వారానికి ఒకటా, వారం రోజులా?

పోయిన నెల ఈ పేజీలో, రోగనిరోధక శక్తిని తగ్గించే మందుల మీద వచ్చిన ఓ చిన్న ప్రశ్నకు నాలుగు లైన్లలో జవాబు రాసి ఊరుకున్నాను. దాంతో ఉత్తరాలు వచ్చిపడ్డాయి. కీళ్లవాతం, లూపస్ (ఒంటి రక్షణే ఒంటి మీద తిరగబడే జబ్బు), సోరియాసిస్, కిడ్నీ మార్పిడి, ఇలా జబ్బులు వేరు, మందులు వేరు, కానీ అందరి టెన్షనూ ఒకటే: ఒంట్లో ఉన్న రక్షణను నేనే చేతులారా తగ్గించుకుంటున్నానా అని. అవును, తగ్గించుకుంటున్నారు, అవసరం కాబట్టే. కంచే చేను మేస్తున్నప్పుడు కంచెను కాస్త వెనక్కి లాగక తప్పదు, లాగాక ఆ సందులోంచి ఊళ్లో పశువులన్నీ రాకుండా చూసుకోవాలి. ఎవరెవరికి సందు ఎక్కడ పడిందో ఉత్తరాలవారీగా చూద్దాం. ఊళ్ల పేర్లే ఉంచాను, మనుషుల పేర్లు తీసేశాను.

ప్రశ్న: మా అమ్మకు 62 ఏళ్లు. చేతివేళ్ల కీళ్లవాతానికి ఆరు నెలల క్రితం మెథోట్రెక్సేట్ రాశారు. పోయినసారి మందులు తెచ్చినప్పుడు షాపతను కవరు మీద రోజుకు ఒకటి అని రాసిచ్చాడు. తొమ్మిది రోజులు అలాగే వేసుకుంది. నోరంతా పూసి మజ్జిగ కూడా మింగలేకపోయింది. తెల్లకణాలు పడిపోయాయని ఐదు రోజులు ఆస్పత్రిలో ఉంచారు. ఇప్పుడు బాగానే ఉంది గానీ ఆ మందు పేరెత్తితే ఏడుస్తోంది. కీళ్లేమో మళ్లీ వాస్తున్నాయి, డాక్టరుగారు మళ్లీ మొదలుపెడదాం అంటున్నారు. పెట్టొచ్చా? (తణుకు)

జవాబు: అమ్మా, ముందు మీ అమ్మగారిని ఆస్పత్రికి తీసుకెళ్లడంలో ఆలస్యం చెయ్యలేదు చూడండి, అదే ఆవిడని కాపాడింది. నోటిపూతను వేడి చేసిందనుకుని సబ్జా గింజల నీళ్లు తాగిస్తూ ఇంకో వారం గడిపేసినవాళ్లను నేను చూశాను, అందరూ తిరిగి ఇంటికి వెళ్లలేదు.

ఈ మందు కీళ్లవాతానికి వారంలో ఒక్క రోజే వేసుకోవాలి, ఇందులో మినహాయింపు లేదు. చిక్కంతా ఎక్కడొస్తుందంటే, మన మందులన్నీ రోజూ వేసుకునేవే కాబట్టి షాపులో చెయ్యి అలవాటుగా 'రోజుకు 1' అని రాసేస్తుంది. డాక్టర్లు రాసే ఓడబ్ల్యూ అంటే వారానికి ఒకసారి, ఓడీ అంటే రోజుకు ఒకసారి, గిలికిన రాతలో ఆ రెంటికీ తేడా ఒక్క అక్షరమే. పైగా మన మాట కూడా మోసం చేస్తుంది. 'వారానికి వెయ్యమ్మా' అంటే 'వారం రోజులు వెయ్యమన్నారు' అని వినేవాళ్లున్నారు. మా ఓపీలో ఒక పెద్దావిడ అచ్చంగా అలాగే విన్నారు, అప్పట్నించి నేను 'వారానికి' అనే మాటే వాడటం మానేశాను. 'ప్రతి బుధవారం, బుధవారం మాత్రమే' అంటాను, చీటీ మీద కూడా తెలుగులో పెద్దక్షరాలతో అలాగే రాస్తాను. మీ డాక్టరుగారిని అడిగి అలా రాయించుకోండి. ఏ రోజన్నది మీ ఇష్టం. శనివారం ఉపవాసం ఉండే ఇంట్లో శనివారం పెట్టుకుంటే అసలు మర్చిపోరు, అయితే ఖాళీ కడుపున వికారం పెట్టే మనిషైతే రాత్రి ఫలహారం చేశాక వేసుకోవాలి.

ఇది ఎందుకంత ప్రమాదమో తెలిస్తే భయం పోయి జాగ్రత్త వస్తుంది. కొత్త కణాలు పుట్టడానికి ఫోలిక్ ఆమ్లం కావాలి. మెథోట్రెక్సేట్ దాని పనికి అడ్డుపడుతుంది. ఒంట్లో ఎక్కడ కణాలు గబగబా పుడుతుంటాయో అక్కడే ముందు దెబ్బ కనిపిస్తుంది: నోటి లోపలి పొర, పేగులు, ఎముక మూలుగ. అందుకే డోసు మీరిందనడానికి మొదటి ఫిర్యాదు నోటినుంచే వస్తుంది. విరుగుడు కూడా ఉంది, ఫోలినిక్ యాసిడ్ అంటారు, మీ అమ్మగారికి ఆస్పత్రిలో ఎక్కించి ఉంటారు. ఆ తొమ్మిది రోజుల్లో మందు విషమైపోలేదమ్మా, లెక్క తప్పింది, అంతే. అన్నట్టు ఈ మందు పుట్టుకలో మన భీమవరం బిడ్డ ఉన్నాడు, మీకు కూతవేటు దూరమే. 1895లో అక్కడ పుట్టిన యల్లాప్రగడ సుబ్బారావు అమెరికాలో లెడర్లీ ప్రయోగశాలలో ఫోలిక్ ఆమ్లం మీద పని చేస్తూ, దానికి అడ్డుపడే మందులు తయారుచేయించినవాళ్లలో ముఖ్యుడు. మొదట పిల్లల రక్తక్యాన్సర్‌కి వాడిన ఆ కుటుంబంలోదే ఇది. కీళ్లవాతానికి అమెరికాలో అధికారికంగా అనుమతి వచ్చింది 1988లో. క్యాన్సర్‌కి ఇచ్చే డోసు ముందు కీళ్లకిచ్చేది ఏ మూలకీ రాదు. 'క్యాన్సర్ మందట' అని పక్కింటివాళ్లు అంటే ఆ సంగతి చెప్పండి.

మళ్లీ మొదలుపెట్టొచ్చా అంటే, ముందు కిడ్నీ ఎలా ఉందో చూడాలి, క్రియాటినిన్ పరీక్ష. ఈ మందు బయటికి పోయేది ఎక్కువగా మూత్రంలోనే, అరవై దాటినవాళ్లలో కిడ్నీ కొంచెం మందగించినా సరైన డోసే ఎక్కువైపోతుంది. కిడ్నీ, లివర్, కణాల లెక్క బాగుంటే తక్కువ డోసుతో, మొదట్లో రెండు మూడు వారాలకోసారి రక్తపరీక్షతో మొదలుపెట్టడం మామూలే. ఆవిడకి ధైర్యం చాలకపోతే లెఫ్లునోమైడ్, సల్ఫసాలజిన్ లాంటివి ఉన్నాయి, బలవంతం ఏమీ లేదు. మొదలుపెడితే మాత్రం ఇంట్లో ఒకే పవర్ బిళ్లలు ఉంచండి, 2.5 మిల్లీగ్రాములవీ 10వీ రెండూ డబ్బాలో ఉంటే ఏదో ఒక రాత్రి తారుమారవుతాయి. దీనికి తోడుగా రాసే ఫోలిక్ యాసిడ్ బిళ్ల వేరే రోజు, ఆ రెండూ పసుపు రంగులోనే ఉంటే వేర్వేరు డబ్బాల్లో.

ఇంకొకటి, ఇది షాపులో అడగకుండానే ఇచ్చేస్తారు: మూత్రంలో మంటకో విరేచనాలకో సెప్ట్రాన్. మెథోట్రెక్సేట్‌తో అది కలిస్తే మూలుగ మీద రెండు దెబ్బలు ఒకేసారి పడతాయి. కిడ్నీ మార్పిడి అయినవాళ్లకి డాక్టర్లే సెప్ట్రాన్ రాస్తారు, వాళ్ల లెక్క వేరు, వాళ్లు ఇది చదివి మానెయ్యకండి. నొప్పి మాత్రలు కూడా చెప్పకుండా మింగకూడదు. పొడిదగ్గు, ఆయాసం కొత్తగా వస్తే ఆ వారం బిళ్ల ఆపి వెంటనే చూపించాలి, అరుదుగా ఊపిరితిత్తులు వాస్తాయి. సారా, కల్లు సంగతి మీరు అడగలేదు గానీ ఇదే మందు వాడుతున్న మగవాళ్లు పదిమంది అడిగారు, 'ఫంక్షన్లో ఒక్క పెగ్గు' అని. లివర్‌కి రెండు పనులు ఒకేసారి చెప్పొద్దు బాబూ.

ప్రశ్న: సార్, నాకు 31. అమ్మ ఇచ్చిన కిడ్నీతో రెండేళ్లుగా బాగున్నాను. టాక్రోలిమస్ పొద్దున, రాత్రి. పోయిన నెల దగ్గు పట్టుకుంటే ఊళ్లో ఆర్‌ఎంపీ ఏదో యాంటీబయాటిక్ ఇచ్చాడు, క్లారిత్రో అని ఉంది. వారానికి చేతులు వణుకు, క్రియాటినిన్ పెరిగింది. మా కిడ్నీ డాక్టరు బాగా తిట్టాడు. దగ్గు మందుకీ కిడ్నీకీ సంబంధం ఏంటి? ఇంకా, పొలం పనికి పోవచ్చా? 2027లో గోదావరి పుష్కరాలకు మునగొచ్చా? (కరీంనగర్)

జవాబు: తమ్ముడూ, తిట్టినందుకు ఏమనుకోకు, అమ్మ ఇచ్చిన కిడ్నీ అది, ఆయనకీ భయమే.

ఒళ్లు కొత్త కిడ్నీని తోసెయ్యకుండా ఆపే ఈ టాక్రోలిమస్‌ని పేగుల్లోనూ లివర్‌లోనూ ఒక ఎంజైము కరిగించి పారేస్తుంది. క్లారిత్రోమైసిన్, ఎరిత్రోమైసిన్, తామరకి ఇచ్చే ఫ్లూకొనజోల్, ఇట్రాకొనజోల్ ఆ ఎంజైమును పడుకోబెడతాయి. మందు కరగదు, రక్తంలో పేరుకుంటుంది, చేతులు వణుకుతాయి, కాపాడాల్సిన మందే కిడ్నీని కొడుతుంది. టీబీకి ఇచ్చే రిఫాంపిసిన్, ఫిట్స్‌కి ఇచ్చే ఫెనిటాయిన్ దీనికి తిరగబడ్డ కథ, టాక్రోలిమస్‌ని కడిగిపారేస్తాయి, లెవెల్ పడిపోయి ఒళ్లు కిడ్నీని పరాయిదని గుర్తుపట్టేస్తుంది. నీకు ఏ డాక్టరు ఏ మందు రాసినా మింగేముందు ట్రాన్స్‌ప్లాంట్ కోఆర్డినేటర్‌కి చీటీ ఫొటో తీసి వాట్సాప్ చెయ్యి. సిగ్గుపడే పని కాదు, వాళ్లు జీతం తీసుకునేది దానికే. విరేచనాలు పట్టుకున్నా చెప్పు, అప్పుడు కూడా లెవెల్ పెరిగిపోతుంది, ఇది చాలామందికి తెలీదు. లెవెల్ పరీక్ష రోజున పొద్దున డోసు వేసుకోకుండా వెళ్లాలి, రక్తం ఇచ్చాకే మింగాలి. వేసుకుని వెళ్తే అంకె ఎక్కువొస్తుంది, దాన్ని చూసి డోసు తగ్గించేస్తారు, ఆపైన గొడవ. మందు కంపెనీ కూడా షాపువాడు మార్చిస్తే ఊరుకోకు, డాక్టరుకి చెప్పి లెవెల్ చూపించుకున్నాకే మార్పు.

పండ్లలో ఒక్కటి గుర్తుపెట్టుకో, పంపరపనస. వినాయక చవితి వేళకి బజారులో ఫుట్‌బాల్ అంతేసి కనిపిస్తాయే, అవి. వాటిలోనూ, విదేశాల్లో దొరికే గ్రేప్‌ఫ్రూట్‌లోనూ ఆ ఎంజైమును ఆపే పదార్థం ఉంది. బత్తాయి, కమలా తినొచ్చు. బండి మీద పిండే రసం మాత్రం వద్దు, తప్పు పండుది కాదు, ఆ గ్లాసుదీ ఐసుదీ. పచ్చిపాలు, సగం ఉడికిన గుడ్డు, కోసిపెట్టిన పండ్లు, పానీపూరీ నీళ్లు వదిలెయ్యి. అమ్మ పెట్టిన వేడివేడి కూర ఏదైనా పరవాలేదు.

పొలం మానమని నేను చెప్పను, బతుకు అదే అయితే ఎట్లా మానతావు? కానీ వానాకాలం బురదలో ఒట్టికాళ్లతో దిగొద్దు. నాటు వేసే మట్టిలోనే మెలియాయిడోసిస్ అనే జబ్బు తెచ్చే బాక్టీరియా ఉంటుంది, షుగరున్నవాళ్లనీ, నీలాంటి మందులు వాడేవాళ్లనీ వెతుక్కుని పట్టుకుంటుంది, జ్వరం, గడ్డలు, న్యుమోనియా, టీబీ అనుకుని నెలలు పోతాయి. ఎలుకల మూత్రంతో వచ్చే లెప్టోస్పైరా ఇంకొకటి. గంబూట్లు, చేతికి తొడుగులు వేసుకో, కాలిమీద చిన్న కోత ఉన్నా ఆ రోజు నీళ్లలో దిగకు. పుష్కరాలు అంటావా, 2015లో జనాన్ని చూశావు కదా. లక్షలమంది మునిగిన రేవులో నువ్వు మునగొద్దు. ఇంటికి తెచ్చిన నీళ్లు కూడా నోట్లో పోసుకోకుండా నెత్తిన నాలుగు చుక్కలు చల్లుకో, పుణ్యం ఏం తగ్గదు.

జ్వరం గురించి అందరికీ కలిపి ఇక్కడే చెప్తున్నా. ఇంట్లో థర్మామీటర్ ఉండాలి, చేత్తో నుదురు తాకి చెప్పడం కాదు. 100.4 దాటితే అది అర్ధరాత్రి అయినా ఫోన్ చెయ్యాలి, పారాసిటమాల్ వేసి పొద్దున్న చూద్దాంలే అనుకోకూడదు. స్టెరాయిడ్ వాడేవాళ్లకి ఎంత ఇన్‌ఫెక్షన్ ఉన్నా జ్వరం అసలు రాకపోవచ్చు, వాళ్లు నీరసాన్నీ, చలినీ, అయోమయాన్నీ జ్వరం కిందే లెక్కెయ్యాలి.

ప్రశ్న: మా నాయినకు కీళ్లవాతానికి టోఫాసిటినిబ్ ఇస్తున్నరు. పక్కటెముకల మీద అక్కి లేచింది. కుమ్మరి దగ్గర జాజు రాయించినం, మూడు రోజులైంది, మంట తగ్గలే, ఇంకా పాకుతుంది. ఇంట్లో ఏడాది మనవడు ఉన్నడు. (జగిత్యాల)

జవాబు: ఈ ఉత్తరం చూడగానే మీ నంబరుకి ఫోన్ చేయించాం, ఆయన ఆస్పత్రికి వెళ్లారని తెలిసింది కాబట్టి ఇక్కడ మిగతావాళ్ల కోసం రాస్తున్నాను.

అక్కి అన్నా సర్పి అన్నా ఒకటే, చిన్నప్పుడు ఆటలమ్మ పోసిన వైరస్ నరాల మొదట్లో నిద్రపోయి, కాపలా తగ్గగానే లేచి వస్తుంది. టోఫాసిటినిబ్ లాంటి మందుల్లో ఇది మామూలు కంటే ఎక్కువ. జాజు పూయడంలో నష్టం జాజు వల్ల కాదు, అలా పోయిన మూడు రోజుల వల్ల. వైరస్ మందు 72 గంటల్లోపు పడితే బాగా పనిచేస్తుంది. ఇలాంటి మందులు వాడేవాళ్లకి ఆ గడువు దాటినా ఇస్తారు, అందుకని ఆలస్యమైపోయిందని ఇంట్లో కూర్చోవద్దు. కన్ను దగ్గర, ముక్కు కొస మీద లేస్తే అదే రోజు కంటి డాక్టరు. టోఫాసిటినిబ్ కొన్నాళ్లు ఆపాలా అన్నది రాసిన డాక్టరే చెప్పాలి. పొక్కులు ఎండి పక్కు కట్టేదాకా మనవణ్ని ఎత్తుకోవద్దు, టీకా పడని పిల్లలకీ గర్భిణులకీ ఆ పొక్కుల నీటినుంచి ఆటలమ్మ వస్తుంది.

ఇంకా మందు మొదలుపెట్టనివాళ్లు వింటున్నారా? అక్కి రాకుండా షింగ్రిక్స్ అనే టీకా 2023 నుంచి మన దేశంలో దొరుకుతోంది, రెండు డోసులు, ఖరీదు ఎక్కువే. అందులో బతికున్న వైరస్ లేదు కాబట్టి ఈ మందులు వాడుతున్నా వేసుకోవచ్చు. ఏటా ఫ్లూ టీకా, న్యుమోనియా టీకా కూడా అంతే. బతికున్న సూక్ష్మజీవితో చేసేవి, అంటే తట్టు, గవదబిళ్లలది, ఆటలమ్మది, ఎల్లో ఫీవర్‌ది, ఇవి మాత్రం మందు నడుస్తుండగా వద్దు.

ప్రశ్న: డల్లాస్‌లో ఉంటాను, వెన్నెముక వాతానికి అడాలిముమాబ్ ఇంజెక్షన్ రాశారు. ఇంకా మొదలుపెట్టకముందే టీబీ పరీక్ష పాజిటివ్ అన్నారు, నాకు దగ్గే లేదు! డిసెంబరులో చెల్లి పెళ్లికి రాజమండ్రి రావాలి. తొమ్మిది నెలలుగా వంగలేక చస్తున్నా, ఇంకా ఆపమంటున్నారు. అమెరికా డాక్టర్లకి ఇండియా అనగానే టీబీయేనా?

జవాబు: కోపం అర్థమైంది గానీ, ఆ డాక్టరు చేసింది ఇక్కడ నేనూ చేసేదాన్నే. ప్రపంచంలో టీబీ కేసుల్లో దాదాపు పావువంతు మన దేశంలోనే. చిన్నప్పుడు బస్సులోనో బళ్లోనో ఎవరో దగ్గితే లోపలికి పోయిన క్రిమిని ఒళ్లు చంపలేక, చుట్టూ గోడ కట్టి బంధించి ఉంచుతుంది. మీరు పాజిటివ్ అంటే మీకు జబ్బుందని కాదు, లోపల ఖైదీ ఉన్నాడని. ఆ గోడ నిలబడటానికి కావాల్సిన టీఎన్ఎఫ్ అనే పదార్థాన్నే ఈ ఇంజెక్షన్ ఆపేస్తుంది. గోడ కూలితే టీబీ ఊపిరితిత్తుల్లోనే కాదు, పొట్టలో, మెడ గడ్డల్లో, మెదడు పొరల్లో ఎక్కడైనా తేలుతుంది.

కాబట్టి ఎక్స్‌రే తీసి జబ్బు లేదని తేల్చుకుని, నివారణ మందు మొదలుపెట్టి, మామూలుగా ఒక నెల గడిచాక ఇంజెక్షన్ ఇస్తారు. కోర్సు పూర్తయ్యేదాకా ఆగక్కర్లేదు, మీకు ఇది ఎవరూ చెప్పినట్టు లేదు. నెల నొప్పికి వేరే మందు అడగండి. హెపటైటిస్-బి పరీక్ష కూడా చేశారో లేదో కనుక్కోండి, అదీ లోపల దాక్కుని లేచేదే.

పెళ్లికి రండి. ఇంజెక్షన్ 2 నుంచి 8 డిగ్రీల్లో ఉండాలి, చేతి బ్యాగులో కూలింగ్ ప్యాకుతో, డాక్టరు ఉత్తరంతో తెచ్చుకోండి, సామాన్ల బ్యాగులో వేస్తే గడ్డకట్టి పాడవుతుంది. టైఫాయిడ్ టీకా వేయించుకుంటే ఇంజెక్షన్ రూపంలోది అడగండి, అక్కడ ఇదివరకు నోటితో మింగే గొట్టాలు కూడా ఇచ్చేవాళ్లు, వాటిలో బతికున్న క్రిమి ఉంటుంది. పెళ్లి భోజనం మొదటి బంతిలో, పొగలు వస్తుండగా తినెయ్యండి. పెరుగు చట్నీలు, కోసిన సలాడ్లు, వెల్కమ్ డ్రింకులు చెల్లెలి అత్తగారివైపు వాళ్లకి వదిలెయ్యండి.

ప్రశ్న: నా భర్త మోకాళ్ల నొప్పులకు ఏడాదిన్నరగా ఒక పొడి వాడాడు, చిన్న పొట్లాలు, పేరు లేదు. రెండో రోజుకే లేచి నడిచాడు. ముఖం గుండ్రంగా అయింది, షుగరొచ్చింది. ఎవరో అందులో స్టెరాయిడ్ ఉంటుందని చెప్తే ఒక్కసారిగా మానేశాడు. నాలుగో రోజు వాంతులు, బీపీ పడిపోయి సొమ్మసిల్లాడు. మానడం మంచిదే కదా? (కర్నూలు)

జవాబు: మంచిదే, కానీ అలా కాదు.

పేరు లేని పొడి రెండో రోజుకే లేపి నడిపించిందంటే నాకు ముందు వచ్చే అనుమానం స్టెరాయిడే. ఇలాంటి పొట్లాల్లో అది కలిసి ఉన్నట్టు దేశంలో చాలాచోట్ల బయటపడింది. ఒంట్లో కిడ్నీల మీద టోపీల్లా రెండు గ్రంథులు ఉంటాయి, రోజూ కొంత స్టెరాయిడ్ అవే చేస్తాయి. బయటినుంచి నెలల తరబడి వస్తుంటే అవి పని మానేస్తాయి. పొట్లం ఆగిన రోజున బయటిదీ లేదు, లోపలిదీ లేదు, మనిషి కూలిపోతాడు. మూడు వారాలు దాటి ప్రెడ్నిసలోన్ లాంటి స్టెరాయిడ్ వాడిన ఎవరైనా సరే, డాక్టరు రాసిందైనా, ఇలాంటి పొడైనా, ఒక్కసారి ఆపకూడదు. వారాల మీద, ఒక్కోసారి నెలల మీద తగ్గిస్తూ రావాలి. ఆయన పర్సులో ఒక కాగితం పెట్టండి, 'ఏడాదిన్నర స్టెరాయిడ్ వాడాడు, ఆపరేషన్‌కీ యాక్సిడెంట్‌కీ స్టెరాయిడ్ ఇంజెక్షన్ అవసరం పడొచ్చు' అని. మిగిలిన పొట్లాలు పారెయ్యకుండా డాక్టరుకి చూపించండి. షుగర్, ఎముకల పటుత్వం, కంట్లో శుక్లం, తుంటి నొప్పి ఇవన్నీ ఒక్కొక్కటిగా చూడాలి.

2021లో నల్ల ఫంగస్ ఎవరిని పట్టుకుందో గుర్తుందిగా, ఎక్కువగా అదుపులో లేని షుగర్, పైన స్టెరాయిడ్ ఉన్నవాళ్లనే. అందుకని ఆయనకి ముఖం ఒకవైపు నొప్పి, ముక్కులోంచి నల్లటి స్రావం, కంటి చుట్టూ వాపు లాంటిది వస్తే గంటలు లెక్కపెట్టుకుని పరుగెత్తాలి.

ప్రశ్న: నాకు 27, లూపస్. మైకోఫినోలేట్, హైడ్రాక్సీక్లోరోక్విన్ వాడుతున్నాను. పెళ్లై నాలుగు నెలలు. ఆయనకి 'ఏదో ఎలర్జీ' అని చెప్పాం, అత్తగారికి అదీ తెలీదు. విటమిన్ బిళ్లలని చెప్పి వేసుకుంటున్నాను. 'ఏమైనా విశేషమా' అని నెలనెలా అడుగుతున్నారు. మందులు మానేస్తే పిల్లలు పుడతారు కదా? (పేరు, ఊరు వద్దన్నారు)

జవాబు: అమ్మాయీ, ఒక్క మాట ముందు. ఈ క్షణంలో మైకోఫినోలేట్ నీ అంతట నువ్వు మానొద్దు, అలాగే అది నడుస్తుండగా గర్భం రానివ్వొద్దు. ఈ మందు మీద గర్భం వస్తే నిలవకపోవడం ఎక్కువ, నిలిస్తే బిడ్డకి చెవులు, పెదవి, అంగిలి సరిగా ఏర్పడకపోవచ్చు. గర్భానికి కనీసం ఆరు వారాల ముందే ఆపి అజాథయోప్రిన్ లాంటి దానికి మార్చాలి, మార్చాక లూపస్ నిలకడగా ఉందో చూడాలి. ఆరు నెలలు జబ్బు నిద్రపోయి ఉన్నాక ప్లాన్ చేసుకుంటే తల్లీబిడ్డా బాగుంటారు. హైడ్రాక్సీక్లోరోక్విన్ గర్భంలో కూడా మానక్కర్లేదు, మానకూడదు కూడా. అంతదాకా గర్భనిరోధం కావాలి, ఏది వాడాలో మీ డాక్టరుని అడుగు, కొందరు లూపస్ వాళ్లకి మామూలు పిల్స్ వల్ల రక్తం గడ్డకట్టే ప్రమాదం ఉంది.

అజాథయోప్రిన్‌కి మారేటప్పుడు రెండు సంగతులు. మనవాళ్లలో కొందరికి పుట్టుకతోనే ఆ మందును కరిగించే శక్తి తక్కువ, ఎన్‌యూడీటీ15 అనే జన్యువులో తేడా వల్ల. వాళ్లకి మొదటి వారాల్లోనే జుట్టు కుచ్చులుగా ఊడి, తెల్లకణాలు పడిపోతాయి. పరీక్ష ఉంది, చేయించుకో, లేదంటే మొదటి రెండు నెలలు రక్తపరీక్ష ఒక్కటీ తప్పించకు. రెండోది, యూరిక్ యాసిడ్‌కి ఇచ్చే అల్లోప్యూరినాల్, ఫెబుక్సోస్టాట్ దాంతో కలవకూడదు.

ఇక ఇంట్లో సంగతి. అత్తగారికి చెప్పాలా వద్దా అన్నది నీ ఇష్టం, నేను డాక్టర్ని, పెద్దమనుషుల్లో పెద్దమనిషిని కాను. కానీ నీ భర్తకి తెలియాలి. ఎందుకంటే ఒక రాత్రి నీకు జ్వరం వచ్చి నువ్వు మాట్లాడలేని స్థితిలో ఉంటే క్యాజువాల్టీలో 'ఏం మందులు వాడుతుంది?' అని అడిగేది ఆయన్నే, ఆయన 'విటమిన్ బిళ్లలు' అంటాడు. నోటితో చెప్పడం కష్టమైతే వచ్చే చెకప్‌కి ఆయన్ని వెంట తీసుకెళ్లు, డాక్టరుగారే చెప్తారు. ఇలా ఎంతమంది భర్తలకి చెప్పానో నేను, కోపం వచ్చేది జబ్బు గురించి కాదు, దాచినందుకు, అది వారం పదిరోజుల్లో చల్లారుతుంది.

ప్రశ్న: సోరియాసిస్‌కి మెథోట్రెక్సేట్ వాడుతున్నా. ఇమ్యూనిటీ కోసం తిప్పతీగ కషాయం రోజూ తాగొచ్చా? (ఒంగోలు)

జవాబు: ఒక చేత్తో తగ్గించే మందు, ఇంకో చేత్తో పెంచే కషాయం, మధ్యలో మీ లివర్. కరోనా రోజుల్లో తిప్పతీగ విపరీతంగా తాగి లివర్ దెబ్బతిన్న కేసులను ముంబై డాక్టర్లు 2021లో ప్రచురించారు. ఆయుష్ శాఖ ఒప్పుకోలేదు, ఆ వాదన వాళ్లు తేల్చుకుంటారు. మీరు మాత్రం మానెయ్యండి. ఇప్పటికే తాగి ఉంటే వచ్చే రక్తపరీక్షలో లివర్ అంకెలు చూసేటప్పుడు ఆ సంగతి డాక్టరుకి చెప్పండి, లేకపోతే తప్పంతా మెథోట్రెక్సేట్ మీద పడుతుంది.

ప్రశ్న: కిడ్నీ మార్పిడై ఏడాదిన్నర. ఆపరేషన్ బాగా జరిగితే తిరుమలలో గుండు ఇస్తానని మొక్కుకున్నాను. ఇవ్వొచ్చా? (అనంతపురం)

జవాబు: ఇవ్వండి. బ్లేడు కొత్తది మీ కళ్లముందే కాగితం విప్పి వెయ్యమనండి, గాటు పడితే కడిగి మందు రాసుకోండి. కోనేట్లో మునక్కుండా గదిలో స్నానం చెయ్యండి. క్యూలో మాస్కు, జేబులో రాత్రి డోసు. దర్శనం ఎప్పుడవుతుందో ఎవరూ చెప్పలేరు, గదిలో పెట్టి వెళ్తే పన్నెండు గంటల డోసు కాస్తా పదహారు అవుతుంది. లడ్డూ తినొచ్చు, షుగర్ లేకపోతే.